గుండీ మొక్కలు

చలి ముదిరాక ఆ మొక్కలకు నీళ్ళు పోయకూడదు. అవి లోపలికి ముడుచుకొని, మట్టిలోకి కాస్త దిగిపోయి, ఎండాకాలం వచ్చేదాకా అలాగే ఉంటాయి. అప్పటిదాకా చేయాల్సిందల్లా దుమ్ము దులపడం, పురుగు పట్టిందేమో చూడటం, ఎండ పడని ట్రేను ఎండ పడే వైపు జరపడం.

రాధాబాయి నెట్ షెడ్డులో పీట వేసుకొని కూర్చుని, రంగులేసే చిన్న బ్రష్షుతో ఒక్కో మొక్క నెత్తిమీది దుమ్మును విదిలిస్తోంది. ముళ్ళజెముడు జాతే గానీ వీటికి ఒక్క ముల్లు కూడా ఉండదు. నీలం కలిసిన ఆకుపచ్చ రంగులో, ఉబ్బెత్తుగా, తొనలు తొనలుగా ఉంటాయి. ముల్లుండాల్సిన చోట చిన్న దూది కుచ్చు ఉంటుంది. షెడ్డు యజమాని శ్రీపాల్ వాటిని లోఫోఫోరా అంటాడు. రాధాబాయికి ఆ పేరు నోరు తిరగలేదు. చూడటానికి చొక్కా గుండీల్లా ఉన్నాయని గుండీలు అంది. ఇప్పుడు ఆ ఇంట్లో అందరూ వాటిని గుండీలనే అంటారు.

తన బిడ్డ లత బడికి రిబ్బన్లు కట్టుకొని పోయే రోజుల్లో చల్లిన విత్తనాలవి. లత ఇప్పుడు మహబూబాబాద్‌లో నర్సింగు చదువుతోంది. గుండీలు మాత్రం ఇప్పటికీ అరచేతిలో పట్టేంతే ఉన్నాయి. పోయిన ఎండాకాలం మొదటిసారి పూశాయి. లేత గులాబీ రంగు పువ్వు, గోరంత. ఆ రోజు శ్రీపాల్ పిల్లవాడిలా సంబరపడి, నేలమీద బోర్లా పడుకొని ఫొటోలు తీశాడు. ఫోనులో నలుగురికీ పంచాడు.

"రాధా, జర చాయ్ తాగు. మళ్ళ చల్లగైతది."

శ్రీపాల్ భార్య సుగుణ రెండు స్టీలు గ్లాసులతో వచ్చి గట్టుమీద కూర్చుంది. రోజూ ఈ వేళకు ఇద్దరూ ఇక్కడే చాయ్ తాగుతారు. టేకుమట్లలో ఉన్న తన తల్లి మోకాళ్ళ నొప్పుల గురించి సుగుణ చెబుతుంది. చూపు మందగించిన తన తల్లి గురించి రాధాబాయి చెబుతుంది. వయసు ఇద్దరిదీ ఒకటే అయినా ఒకరు అక్కా అంటారు, ఒకరు పేరుపెట్టి పిలుస్తారు.

"పటేలు పొద్దుగాలనే పోయిండా అక్కా?"

"ఆడోళ్ళు పత్తి ఏరవోకముందే ఓట్లడగాలె గదా. గొంతు పోయింది. గీ ఆదివారం దాటితే బతికినట్టే."

"మా తండా ఏరే పంచాయతాయె. లేకుంటే నేను గూడ తిరుగుదు కత్తెర గుర్తుకు."

సుగుణ నవ్వింది. అప్పుడే గేటు ముందు జీపు ఆగింది.

దిగినవాళ్ళు ఖాకీ బట్టల్లో ఉన్నారు. ఆబ్కారీ వాళ్ళని రాధాబాయికి చూడగానే తెలిసింది. చిన్నప్పుడు ఆ జీపు చప్పుడు వింటేనే తండాలో సారా పొయ్యిలు ఆరిపోయేవి. ముందు నడిచి వస్తున్న ఎస్సై వయసు మళ్ళినవాడు. తన ఫోను తీసి ఆమె ముందు పెట్టాడు.

"గీ ఫొటో ఈడిదేనా?"

గులాబీ పువ్వుతో ఉన్న గుండీ. రాధాబాయి మొహం వెలిగింది.

"ఔ సార్. ఎండకాలం పూసినప్పుడు పటేలే తీసిండు."

"గిది మత్తు మొక్క అని మాకు ఫిర్యాదొచ్చింది. అమెరికా దిక్కు దీన్ని తింటరంట, మత్తెక్కుతదంట. తెలుసా నీకు?"

ఆయన పరాచికాలాడుతున్నాడనుకొని ఆమె నవ్వింది.

"ఉత్తగ చూస్తందుకు సార్ గివి. ఎవరు తినలే."

ఎస్సై నవ్వలేదు. వెంట వచ్చిన ఇద్దరు ట్రేలు ఎత్తడం మొదలుపెట్టారు. ఒక ట్రే ఒరిగి మట్టి జారింది. ఒక గుండీ కింద పడి, ముల్లంగి లాంటి దాని వేరు బయటపడింది. రాధాబాయి గబుక్కున వంగి దాన్ని రెండు చేతులతో ఎత్తి కుండీలో పెట్టి, మట్టి సర్దింది. అట్లా చేస్తుండగా ఒకడు ఫోనులో ఆమె ఫొటో తీశాడు.

ఎవరు చెప్పారో, శ్రీపాల్ మెడలో కండువాతో గబగబా వచ్చాడు. వెనకాల వస్తున్న మనుషుల్ని గేటు బయటే ఆపేశాడు. ఎస్సైని నీళ్ళ ట్యాంకు పక్కకు తీసుకుపోయి చాలాసేపు మాట్లాడాడు. తిరిగి వచ్చేటప్పుడు ఆయన నడక నెమ్మదించింది. రాధాబాయి, పటేలు వచ్చాడు కదా ఇక భయం లేదని చేతులు కడుక్కుంటోంది.

"షెడ్డు నాదే సార్," అన్నాడు శ్రీపాల్, అందరికీ వినబడేలా. "కని నాకు ఊరి పనుల తోటే సరిపోతది. దీంట్ల ఏం పెడ్తదో, ఏడికెల్లి తెస్తదో, అంత ఆమెనే చూసుకుంటది. నాకేం తెల్వది."

రాధాబాయి తడి చేతులతోనే ముందుకొచ్చింది.

"పటేలా, గదేంది? ఇత్తనాలు పార్సిల్ల నీకే గదా వచ్చినయి?"

శ్రీపాల్ ఆమె వైపు చూడలేదు. "వాళ్ళింట్ల మొదటికెల్లి ఆ ఎవ్వారం ఉన్నదే సార్. వాళ్ళమ్మ మీద గుడుంబా కేసులెన్నున్నయో మీ ఠాణాలనే చూస్కోండ్రి."

రాధాబాయి సుగుణ వైపు తిరిగింది. సుగుణ గట్టుమీద నుంచి లేచి, రెండు గ్లాసులూ చేతిలోకి తీసుకుంది. ఒకదాంట్లో ఇంకా సగం చాయ్ ఉంది. దాన్ని గోడ వారన పారబోసి, ఖాళీ గ్లాసులు ఒకదాంట్లో ఒకటి పెట్టి ఇంట్లోకి నడిచింది.

*

ఠాణా వరండాలో ఒక బల్ల ఉంది. రాధాబాయిని దానిమీద కూర్చోమన్నారు. ఎదురుగా పట్టుబడ్డ మోటారుసైకిళ్ళు తుప్పు పట్టి పడి ఉన్నాయి. వాటి పక్కన గుండీల ట్రేలు వరసగా పెట్టారు. కొన్ని ఎండలో, కొన్ని గోడ నీడలో. ఆమె కళ్ళు మాటిమాటికీ నీడలో ఉన్న వాటి మీదికే పోతున్నాయి.

ఎస్సై లోపలికి పిలిచి అడిగాడు. ఆమె ఉన్నదున్నట్టు చెప్పింది. శ్రీపాల్‌కు మొక్కల పిచ్చి అనీ, ఏ ఊరి నుంచో విత్తనాలు తెప్పించాడనీ, పోసిన ఇసుక, వేసిన నెట్టు అన్నీ ఆయన చెప్పినట్టే చేశాననీ.

"నువ్వన్నది బాగనే ఉన్నది. కని సాక్ష్యం ఎవరు?"

"సుగుణక్క ఉన్నది గద సార్. ఆమెను అడుగుండ్రి. అబద్ధం చెప్పది."

ఆయన అక్కడికక్కడే ఫోను చేశాడు. రెండు మాటలు అడిగాడు, అవతలి మాట విన్నాడు, ఫోను బల్లమీద బోర్లా పెట్టాడు.

"ఆమెకు గూడ ఏం తెల్వదంట."

రాధాబాయి మళ్ళీ వచ్చి బల్లమీద కూర్చుంది. కాపలా ఉన్న ఆడ కానిస్టేబులు నీలి, చిన్న వయసు పిల్ల, సీసాతో నీళ్ళు తెచ్చి ఇచ్చింది. రాధాబాయి తాగి, సీసా తిరిగి ఇస్తూ, "వాటికి మాత్రం పొయ్యకు బిడ్డా. గిప్పుడు నీళ్ళు తాకితే మురిగిపోతయి," అంది. నీలి తలూపింది.

మధ్యాహ్నం దాటాక సుగుణ వచ్చింది. చేతిలో టిఫిను డబ్బా ఉంది. ముఖం పీక్కుపోయి ఉంది. బల్లమీద ఒక చివర కూర్చుని, డబ్బా ఇద్దరి మధ్యా పెట్టింది.

"నా మీద కోపం చెయ్యకు రాధా. ఫోన్ చేసినప్పుడు ఆయన పక్కనే నిలబడ్డడు."

రాధాబాయి ట్రేల వైపు మొహం తిప్పుకుంది.

"అవతలి పార్టోళ్ళు చేసిన పని గిది. ఆయన మీద కేసైందంటే ఇగ ఊర్ల మొఖం చూపియ్యలేడు. ఉన్నదంత ఈ ఓట్లకే పెట్టిండు. జర ఆలోచించు. నీ పేరు మీద ఉంటే ఏమైతది? లాయర్ను మేమే పెడ్తం. ఓట్లు కాంగనే ఆయనే వచ్చి మాట్లాడ్తడు. నీకేమన్న కొలువు పోతదా, పదవి పోతదా?"

"నాకేం లేదు గదా పోతందుకు," అంది రాధాబాయి.

"నేనట్ల అన్లే."

"అన్నవక్కా. అననీ." ఆమె కొంగు సర్దుకుంది. "మా అమ్మ సారా కాసే కుండలు నేనే పలగ్గొట్టిన. పెండ్లి కాకముందు. సారా కాసేటోళ్ళ బిడ్డ అని బడిల పిల్లలు నా పక్కన కూసోకపోతుండిరి. గా పేరు పోతందుకు నా ఈడంత పోయింది. లత పిల్ల దవాఖానల నౌకరి చెయ్యాలె రేపు. మళ్ళ గదే పేరు తీస్కొని ఇంటికి పొమ్మంటవా?"

సుగుణ ఏడ్చింది. కళ్ళు తుడుచుకొని, "తిను. పొద్దటికెల్లి ఏం తినలేదు," అని డబ్బా ముందుకు జరిపింది. రాధాబాయి దాన్ని ముట్టలేదు. సుగుణ వెళ్ళేటప్పుడు తీసుకుపోనూ లేదు. అది బల్లమీదే ఉండిపోయింది.

పొద్దు గూకక ముందే ఎస్సై ఆమెను ఇంటికి పొమ్మన్నాడు. ఆడవాళ్ళను చీకటి పడ్డాక ఉంచకూడదట. ఒప్పుకున్నట్టు రాసి ఉన్న కాయిదం ఒకటి చూపించాడు. ఆమె చదివి, సంతకం పెట్టనని చెప్పింది.

"రేపు పొద్దున మళ్ళ రా. నాకు గూడ పైనుంచి ఒత్తిడున్నదమ్మా. ఎవరిదో ఒకరి పేరు రాయాలె," అన్నాడాయన. ఆ గొంతులో కోపం లేదు, విసుగుంది.

*

తండాకు ఆమె కంటే ముందే కబురు చేరింది. నల్లా దగ్గర బిందెలు పట్టుకున్న ఆడవాళ్ళు ఆమెను చూసి మాటలు ఆపారు. తుల్సీబాయి ఒక్కతే పలకరించింది. "మళ్ళ షురూ చేసిండ్రానే?" అని. ఆమె మనసులో చెడు లేదు. నిజంగా తెలుసుకోవాలనే అడిగింది. అందుకే రాధాబాయికి మరీ గుచ్చుకుంది.

ఇంట్లో తల్లి జమ్లీ మంచంమీద కూర్చుని ఉంది. మోచేతుల దాకా గాజులతో ఉండే ఆ చేతులు ఇప్పుడు సన్నబడి, గాజులు వదులై కిందికి జారుతున్నాయి. కళ్ళల్లో పొర. అడుగుల చప్పుడుతోనే కూతుర్ని గుర్తుపట్టింది.

వాళ్ళిద్దరూ తండా భాషలో మాట్లాడుకున్నారు.

"ఏం మొక్కలే అవి?" అంది జమ్లీ.

రాధాబాయి చెప్పింది. ముళ్ళుండవనీ, కొంచెం కొంచెం పెరుగుతాయనీ.

"నిజంగ మత్తొస్తదా?"

"నాకేం తెలుసు యాడీ. నేనెప్పుడన్న నోట్ల పెట్టుకున్ననా?"

"పటేలు ఏమన్నడు?"

చెప్పాలనుకోలేదు గానీ చెప్పేసింది. వాళ్ళమ్మ మీద కేసులున్నాయి చూసుకోండి అన్న మాటతో సహా. జమ్లీ విని, ముక్కుపుడక చుట్టూ వేలు తిప్పుతూ కూర్చుంది.

"వాళ్ళకో పేరు గావాలె బిడ్డా. అంతే. పేరు రాసుకుంటే వాళ్ళ పనైపోతది. ఏ పేరైతేంది వాళ్ళకు."

"నేనైతే సంతకం పెట్టను."

"పెట్టకు," అంది జమ్లీ. "నువ్వు పెట్టకు."

తెల్లవారి రాధాబాయి ముందు శ్రీపాల్ ఇంటికి పోయింది. మనిషి ఎదురుగా నిలబడి అడిగితే మనసు మారుతుందేమోనని ఆమె ఆశ. వాకిట్లో కుర్చీల నిండా మనుషులున్నారు. శ్రీపాల్ ఆమెను చూసి లేచి, గోడ చాటుకు తీసుకుపోయాడు. గొంతు పూర్తిగా పోయింది, గుసగుసలాగే వస్తోంది.

"ఏందే రాధా, ఇంటి మీదికొస్తున్నవ్? ఇన్నేండ్లు అన్నం పెట్టిన ఇల్లు గిది."

"నేను అన్నం అడుగుతలేను పటేలా. నిజం చెప్పుమంటున్న."

"ఆదివారం దాక ఆగు. నిన్ను ఆగం చేస్తనా నేను?"

"మరి మా యాడి పేరెందుకు ఎత్తినవ్?"

శ్రీపాల్ కండువా సర్దుకొని మనుషుల్లోకి వెళ్ళిపోయాడు. కిటికీ వెనక సుగుణ చీర రంగు ఒక్కసారి కదిలి ఆగింది.

ఆమె బస్సు దిగి ఠాణాకు చేరేసరికి గేటు ముందు జాల్యా ఆటో ఉంది. జాల్యా తండావాడే. ఆమెను చూసి తల దించుకున్నాడు.

"నేను వద్దన్న అక్కా. ముసల్ది ఇనలే. ఆటోకు అడ్డం కూసున్నది."

వరండాలో బల్లమీద జమ్లీ కూర్చుని ఉంది. కాళ్ళు నేలకు ఆనడం లేదు. పండక్కి కట్టే అద్దాల పేటియా లంగా వేసుకుంది. కుడి బొటనవేలు నీలంగా ఉంది.

"యాడీ! ఏం చేసినవ్?"

"అయిపోయింది. ఇంటికి పోదాం పా," అంది జమ్లీ. ఆమె గొంతులో ఎన్నడూ లేని హుషారు. "అన్నీ నేనే పెట్టిన అని చెప్పిన. నీకేం ఎరుక లేదన్న."

రాధాబాయి లోపలికి పరుగెత్తింది. ఎస్సై ముందు కాయిదం ఉంది. మొక్కలు ఎక్కడివని అడిగితే భూపాలపల్లి అడవిలోంచి తెచ్చానందట ముసలమ్మ. తన తమ్ముడు అక్కడ ఉండేవాడట. అదంతా రాసుకున్నారు. కింద నీలం వేలిముద్ర.

"సార్, మా అమ్మకు కండ్లే కనవడయి! ఆ మొక్కలను ఆమె ఒక్కనాడు చూడలేదు. అబద్ధం సార్ అది."

"నాకు తెలుసమ్మా," అన్నాడు ఎస్సై.

రాధాబాయి ఆ కాయిదం వైపు చూసింది, ఆయన వైపు చూసింది.

"నాకు తెల్వదనుకుంటున్నవా? కని పాత కేసులున్న మనిషి. తానే వచ్చి ఒప్పుకున్నది. పైనోళ్ళు ఇంకేం అడగరు." ఆయన కళ్ళద్దాలు తీసి చొక్కాకు తుడుచుకున్నాడు. "మొక్కలు టెస్టుకు పోతయి. రిపోర్టు వచ్చేదాక సోమవారం సోమవారం ఆమె ఈడికొచ్చి ఏలిముద్ర ఎయ్యాలె. కోర్టు పిలిస్తే పోవాలె. రిపోర్టు ఎట్లొస్తదో నేను చెప్పలేను. లోపల కూడ ఎయ్యచ్చు."

రాధాబాయి గుమ్మంలోంచి వరండా వైపు చూసింది. జమ్లీ బల్ల అంచు పట్టుకొని కిందికి దిగాలని చూస్తోంది. ఒక కాలు నేలను వెతుక్కుంటోంది. నీలి వచ్చి చంక కింద చెయ్యి వేసి దించింది. నిలబడ్డాక కూడా ముసలమ్మ మోకాళ్ళు వణుకుతూనే ఉన్నాయి. నవ్వుతూ నీలికి ఏదో చెబుతోంది.

"నిన్నటి కాయిదం ఉన్నదా సార్?" అంది రాధాబాయి.

ఎస్సై తల ఎత్తాడు.

"నేను సంతకం పెట్టనన్న కాయిదం."

ఆయన సొరుగు లాగి తీశాడు. ఆమె ఈసారి చదవలేదు. పెన్ను అడిగి తీసుకొని, బల్లమీద వంగి, బడిలో నేర్చుకున్నట్టు ఒక్కో అక్షరం విడివిడిగా రాసింది. రాధాబాయి. రాశాక పెన్ను మూత పెట్టింది.

"మా అమ్మది చింపుండ్రి. నా ముంగటనే."

ఆయన చింపాడు. రెండు ముక్కలు, నాలుగు ముక్కలు. నిన్న పెట్టనన్న సంతకం ఇవ్వాళ ఎందుకు పెట్టిందో ఆయన అడగలేదు.

జమ్లీకి సంగతి ఆటోలో తెలిసింది. మొదట నమ్మలేదు. తర్వాత ఆటో ఆపమని జాల్యా వీపు మీద కొట్టింది. చిల్పూరు గుట్ట కనబడే మలుపు దగ్గర ఆటో ఆగింది. ముసలమ్మ ఆపకుండా తిట్టింది.

"నాది పాడైపోయిన పేరే గదనే! ఇంకింత పాడైతే ఏమయ్యేది! సక్కగున్న దాన్ని తీస్కపోయి బురదల పడేసుకున్నవ్. నీకు నేనేమన్న చేత్తునా అంటే చెయ్యనియ్యవ్. సావనియ్యవ్, బతకనియ్యవ్."

తర్వాత నోరు మూసుకుంది. ఇంటికి చేరాక మంచం గోడ వైపు తిప్పించుకొని పడుకుంది.

*

ఆదివారం సాయంత్రం ఊరి వైపు నుంచి పటాకుల చప్పుళ్ళు వినిపించాయి. కత్తెర గుర్తు గెలిచిందని పిల్లలు చెప్పుకుంటూ పరుగెత్తారు.

సోమవారం రాధాబాయి ఠాణాకు పోయి సంతకం పెట్టింది. బయటికి వస్తుంటే మోటారుసైకిళ్ళ వైపు నుంచి తీపి కలిసిన మురుగు వాసన కొట్టింది. ట్రేల నిండా నీళ్ళు నిలిచి ఉన్నాయి. గుండీలు రంగు మారి, తొనలు కలిసిపోయి, మెత్తని ముద్దలయ్యాయి. ఒకదాని మీద వేలు ఆనిస్తే వేలు లోపలికి దిగింది.

నీలి వెనకనే వచ్చి నిలబడింది. "నేను సెలవు మీద పోయిన అక్కా. మాలి తాత చెట్లకు పోస్తపోస్త వీటికి గూడ పోసిండంట. ఎండుతున్నయి పాపం అని."

"పోనీ బిడ్డా. ఆయనకేం ఎరుక," అంది రాధాబాయి. వేలు కొంగుకు తుడుచుకుంది.

బస్సు కోసం నిలబడ్డప్పుడు సుగుణ ఫోను వచ్చింది.

"రాధా, ఆయన గెలిచిండు. ఇగ నీ కేసు సంగతి ఆయనే చూసుకుంటనన్నడు. రేపటికెల్లి పనికి రా. నువ్వు లేక షెడ్డు బోసిగున్నది."

"ఏమున్నదక్కా ఆడ పని?"

"కొత్తవి పెడ్తడంట. గులాబీలో, ఏందో."

"మొన్న ఆయన ఆ మాటన్నప్పుడు, నువ్వు చాయ్ పారబోసి లోపలికి పోయినవ్ అక్కా." రాధాబాయి గొంతు తగ్గించింది. "నువ్వు ఏం అనకపోయినా మంచిదే ఉండె. ఆడ నిలబడితే సాలు నాకు."

రాధాబాయి ఫోను పెట్టేసింది. మరుసటి రోజు నుంచి తుల్సీబాయి వాళ్ళతో మిరప తోటకు పోవడానికి ఒప్పుకుంది.

ఇంటికి వచ్చేసరికి మిట్టమధ్యాహ్నమైంది. పొద్దున పెట్టిపోయిన అన్నం అలాగే ఉంది. ఠాణా నుంచి వచ్చిన నాటి నుంచి జమ్లీ కూతురితో ఒక్క మాట మాట్లాడలేదు. పక్కింటివాళ్ళు పెడితే తింటుంది, కూతురు పెడితే మొహం తిప్పుకుంటుంది. రాధాబాయి చేతులు కడుక్కొని, జొన్నరొట్టె విరిచి పప్పులో నానబెట్టి, మంచం పక్కన కింద కూర్చుంది.

చాలాసేపటికి గోడ వైపు నుంచే జమ్లీ అడిగింది.

"కొట్టిండ్రా నిన్ను?"

"లేదు యాడీ. కూసోమన్నరు. నీళ్ళిచ్చిండ్రు."

జమ్లీ మెల్లగా ఇటు తిరిగింది. పొర కమ్మిన కళ్ళు కూతురి ముఖం ఉన్న చోటును వెతుక్కున్నాయి.

"నన్ను కొట్టిండ్రు. గదే ఠాణా. అప్పుడు పెంకుటిల్లు. నువ్వు కడుపుల ఉన్నవు." రెండు చేతులూ పొట్ట మీద అడ్డంగా పెట్టి చూపించింది. గాజులు మోచేతుల దాకా జారాయి. "గిట్ల పట్టుకొని కూసున్న. ఈపు మీద కొట్టుండ్రి అన్న."

రాధాబాయి చేతిలో రొట్టె ముద్ద అలాగే ఉండిపోయింది.

"నాకెన్నడు చెప్పలేదేమే?"

"చెప్పేదేముంది. పొద్దు గూకినంక ఇడిసిపెట్టిండ్రు. తండా దాక నడుసుకుంట వచ్చిన. నడుస్తుంటే నువ్వు లోపల మెసిలినవు." జమ్లీ చేతులు పొట్ట మీదే ఉన్నాయి. "బతికే ఉన్నది, ఆడికెల్లి బయటికి తెచ్చుకున్న అనుకున్న. ఇగ మళ్ళ ఆడికి పోదు నా బిడ్డ అనుకున్న."

బయట ఎవరో మేకల్ని అదిలిస్తున్నారు. జమ్లీ గాలిలో తడుముకుంటూ కూతురి చేతిని పట్టుకొని, ముద్దతో సహా తన నోటి దగ్గరికి తెచ్చుకుంది.